పత్రికలో పడిన చీర, ఒంటిమీదికెక్కిన చీర

ప్రశ్న: నేను కోనసీమలో హైస్కూలు టీచరుగా చేసి రిటైరయ్యాను. మా వైపు కట్టూబొట్టూ గత డెబ్భై ఎనభై ఏళ్లలో ఎలా మారింది, అందులో సినిమాల పాత్ర ఎంత, వారపత్రికల పాత్ర ఎంత అని నాలుగేళ్లుగా వివరాలు పోగేస్తున్నాను. ఏ4 సైజులో 420 పేజీలు టైపయ్యాయి. పాత ఫొటోలు 180 దాకా ఉన్నాయి. చదివిన ఇద్దరిలో ఒకరు “సమాచారం బోలెడుంది, పుస్తకం లేదు” అన్నారు. రెండోవారు “ఇదంతా ఎవరి మాట నమ్మి రాశారు?” అని అడిగారు. రాతప్రతి, విషయసూచిక, ఇంటర్వ్యూల నోట్సు జత చేస్తున్నాను. దీన్ని పుస్తకంగా మలచడం ఎలా? ఇలాంటివి రాసేవాళ్లు ముందు ఏం చదవాలి? ఫొటోలు వేసుకోవచ్చా? ఎన్ని కాపీలు వేయించాలి?

జవాబు: టీచరుగారూ, ఆ ఇద్దరూ చెప్పినవి రెండు లోపాలు కావు, ఒక్కటే. మీ విషయసూచికలో పంచె ఒక అధ్యాయం, లంగా ఓణీ ఒకటి, జాకెట్టు ఒకటి, జుట్టు ఒకటి, నగలు ఒకటి. ఇలా వస్తువులవారీగా సర్దితే ప్రతి అధ్యాయమూ 1940ల్లో మొదలై ఇవాళ్టికి వచ్చి ఆగుతుంది. తర్వాతిది మళ్లీ వెనక్కిపోతుంది. ఒకే రేవులో పదిసార్లు పంటు ఎక్కి దిగినట్టుంటుంది చదివేవారికి. పైగా వస్తువు చుట్టూ రాస్తున్నప్పుడు “అప్పట్లో అందరూ ఇవే కట్టేవారు” అన్న వాక్యం దానంతటదే వచ్చి కూర్చుంటుంది. ఆ అందరూ ఎవరు, అప్పట్లో అంటే ఎప్పుడు? మీ రెండో పాఠకుడు అడిగింది అదే.

ప్రతి బట్టకూ మూడు తేదీలు ఉంటాయి. అది తెరమీదో పత్రికలోనో కనిపించిన తేదీ. ఊళ్లో కొట్లోకో టైలరు దగ్గరికో వచ్చిన తేదీ. ఫలానా ఇంట్లో ఫలానా మనిషి ఒంటిమీదికెక్కిన తేదీ. ఈ మూడూ ఒకటే అనుకోవడం వల్లే ఇలాంటి పుస్తకాలు ఎక్కువగా చెడిపోతాయి. బుట్టచేతుల జాకెట్టునే తీసుకోండి. మద్రాసులో తయారైన సినిమా ముందు పెద్ద ఊళ్లలో ఆడి, అరిగిన ప్రింటుతో నెలల తర్వాత డేరా హాలుకు వచ్చేది. ఆ జాకెట్టు కుట్టడం వచ్చిన టైలరు ఉండాలి. చేతికి కుచ్చు పెట్టాలంటే గుడ్డ ఎక్కువ పడుతుంది, ఆ డబ్బు చేతిలో ఉండాలి. ఇవన్నీ కుదిరాక ఇంట్లో అత్తగారు, వీధిలో నలుగురు ఒప్పుకోవాలి. మొదటి తేదీకీ మూడో తేదీకీ మధ్య ఎన్నేళ్లు పట్టింది, ఏ వీధిలో ఎక్కువ పట్టింది, ఎవరికి అసలు అందనే లేదు, ఇదీ మీ పుస్తకం. తక్కినదంతా దానికి సాక్ష్యం.

అందుకని అధ్యాయాలను బట్టలవారీగా కాకుండా, బట్ట ఊళ్లోకి వచ్చిన దారులవారీగా మార్చండి. సినిమా హాలు ఒక దారి. వారపత్రిక ఒకటి. అమలాపురం, పాలకొల్లు, రాజమండ్రి బట్టల కొట్లు ఒకటి. మిషన్ స్కూళ్లు, నర్సు ట్రైనింగులు ఒకటి. టీవీ ఒకటి. మీ సూచికలో ఎక్కడా కనిపించని దారి ఒకటుంది, గల్ఫ్. కోనసీమ నుంచి, పశ్చిమ గోదావరి నుంచి కువైట్, దుబాయ్ వెళ్లిన ఆడవాళ్లు సెలవుకు వచ్చినప్పుడు తెచ్చిన సూట్‌కేసులో ఏముండేదో అడిగి రాయండి. ఏ పత్రికా, ఏ సినిమా చెప్పకుండానే ఆ సామాను ఊరి రుచిని మార్చింది. పైగా తెచ్చినవాళ్లు చాలామంది ఊళ్లో పెద్దింటివాళ్లు కారు. కొత్త పోకడ ఎప్పుడూ పైనుంచి కిందికే జారుతుందన్న పాత సిద్ధాంతానికి ఇది గట్టి ఎదురు సాక్ష్యం.

ఇక చదవవలసిన పుస్తకాలు. పెద్ద పట్టిక ఇవ్వం, పట్టిక పెరిగితే రాయడం వాయిదా పడుతుంది. మొట్టమొదట మరియా మీస్ 1982లో వెలువరించిన నరసాపురం లేసు అల్లేవారి పుస్తకం చదవండి. అది మీ పక్క ఊరి సంగతి. మిషనరీల చేతుల మీదుగా పంతొమ్మిదో శతాబ్దంలో వచ్చిన అల్లిక ఇంటింటి పనిగా మారి, సరుకు విదేశీ బజారుకు ఎలా వెళ్లిందో, రోజంతా సూది వదలని ఆడవాళ్లను “ఇంటిపట్టున ఉండేవాళ్లు, తీరికవేళ అల్లుకుంటారు” అని ఎలా లెక్కలోంచి తప్పించారో అందులో ఉంది. ఫ్యాషన్ గురించి రాసేవాళ్లు తొడుక్కున్నవాళ్లనే చూస్తారు, తయారుచేసినవాళ్లను మరిచిపోతారు. ఆ పొరపాటు మీరు చెయ్యకుండా ఈ ఒక్క పుస్తకం కాపాడుతుంది. బండారులంక మగ్గాల గురించి మీరు రాసింది మూడు పేజీలేనట. దాన్ని పెంచండి.

రెండోది ఎమ్మా టార్లో 1996 పుస్తకం. మన దేశంలో ఏం కట్టుకోవాలన్నది ఎంత తెగని ప్రశ్నో గాంధీగారి ఖద్దరు నుంచి గుజరాత్ పల్లె దాకా నడిపించి చూపిస్తుంది. మూడోది ముకులికా బెనర్జీ, డేనియల్ మిల్లర్ కలిసి చీర గురించి 2003లో రాసింది. చీర చరిత్రను పక్కనబెట్టి, కట్టుకున్న మనిషికి పైట ఎలా అడ్డం వస్తుంది, ఎలా పనికొస్తుంది అని ఒంటి మీద నుంచి రాసుకుంటూ పోతారు. మీ ప్రశ్నావళికి అది నేరుగా పనికొస్తుంది.

రోలా బార్త్ 1967లో ఫ్రెంచిలో రాసిన ఫ్యాషన్ పుస్తకం కఠినం. మొత్తం చదవనక్కర్లేదు, మొదటి అధ్యాయాల్లోని పద్ధతి చాలు. ఆయన వేసుకున్న బట్ట, ఫొటోలోని బట్ట, ఫొటో కింద రాసిన బట్ట అని మూడుగా విడదీసి, మూడోదాన్ని మాత్రమే పట్టుకున్నాడు. 1958 జూన్ నుంచి 1959 జూన్ దాకా, ఒక్క ఏడాది పత్రికలకే ముఖ్యంగా కట్టుబడ్డాడు. అంత పెద్ద పండితుడు ఒక్క ఏడాదితో సరిపెట్టుకున్నప్పుడు, మనం ఎనభై ఏళ్ల పత్రికలనూ తిరగెయ్యాలని పెట్టుకోవడం దేనికి?

మీరూ అలాగే చెయ్యండి. దశాబ్దానికి ఒక ఏడాది ఎంచుకోండి, సంక్రాంతి నుంచి సంక్రాంతికి. ఒకే పత్రిక దొరికితే మంచిది, దొరక్కపోతే ఒకే రకం పత్రిక. ప్రతి సంచికలోనూ ముఖచిత్రం, ప్రకటనలు, పాఠకుల ప్రశ్నలు, కార్టూన్లు, ఈ నాలుగే నోట్ చేసుకోండి. కథల్లో వర్ణనల జోలికి పోవద్దు. కథకుడు తన చిన్నప్పటి చీరను ఇవాళ్టి నాయికకు కట్టబెడతాడు, దాన్ని తేదీకి సాక్ష్యంగా వాడలేం. ప్రకటన, కార్టూన్ మాత్రం ఒకదానికొకటి సరిచూసుకోవడానికి బాగా పనికొస్తాయి. ప్రకటన వచ్చిందంటే ఆ సరుకు ఇంకా జనంలోకి వెళ్లాల్సి ఉందని అర్థం. కార్టూన్ దాన్ని వెక్కిరించిందంటే అప్పటికే వీధిలో తిరుగుతోందని అర్థం. ఈ రెండు తేదీల మధ్య దూరాన్ని కొలవండి.

ఏ పేజీకి డబ్బు ఎవరిచ్చారో కూడా చూడండి. తెలుగు పత్రికల చరిత్రలో ఇది పెద్ద విషయం. 1893లో అమృతాంజనం మొదలుపెట్టిన కాశీనాథుని నాగేశ్వరరావుగారే 1908లో బొంబాయిలో ఆంధ్రపత్రికను వారపత్రికగా తెచ్చారు. 1914లో అది మద్రాసులో దినపత్రిక అయ్యింది. 1928లో గృహలక్ష్మి స్త్రీల పత్రికను స్థాపించిన కె.ఎన్. కేసరిగారిదే లోధ్ర మందు. మందూ పత్రికా ఒకే ఇంటివైనప్పుడు, “ఆదర్శ గృహిణి” బొమ్మను వ్యాసంలో ఒకరకంగా, ప్రకటనలో ఒకరకంగా ఎలా చూపారో పక్కపక్కన పెట్టి చూడవలసిందే. ఇంకా వెనక్కి వెళ్లాలనుకుంటే 1883లో కందుకూరి వీరేశలింగంగారు స్త్రీల కోసం తెచ్చిన సతీహితబోధిని ఉంది. అక్కడ మాత్రం బట్టల కోసం వెతక్కండి. చదువుకున్న ఆడది ఎలా ఉండాలన్న ఊహ అచ్చులో ఎక్కడ మొదలైందో చూడటానికి చదవండి.

పాత సంచికలకు రాజమండ్రి గౌతమీ గ్రంథాలయం, వేటపాలెం సారస్వత నికేతనం వెళ్లండి. ఇంటి దగ్గర కూర్చుని చూడాలంటే ఆర్కైవ్ డాట్ ఆర్గ్‌లో స్కాన్ చేసినవి చాలా దొరుకుతాయి. బైండు చేసిన సంపుటాల్లో ఒక చిక్కుంది. బైండింగుకు ముందు ముఖచిత్రాలు, ప్రకటనల పేజీలు చింపేసి ఉండవచ్చు. మీకు కావలసింది అవే. కాబట్టి సంపుటం తెరవగానే పేజీ నంబర్లు వరుసగా ఉన్నాయో లేదో చూడండి. లేకపోతే “ఈ ఏడాది ప్రకటనలే లేవు” అని తప్పుగా రాసేస్తారు.

రెండో తేదీకి, అంటే కొట్లోకి వచ్చిన తేదీకి, టైలరు కొలతల పుస్తకాన్ని మించిన సాక్ష్యం లేదు. మీ 420 పేజీల్లో ఒక్క టైలరు పేరూ లేకపోవడం మాకు బాధ కలిగించింది. పాత టైలర్ల దగ్గర అట్ట చినిగిన కొలతల పుస్తకాలు అటకమీద పడి ఉంటాయి. తేదీ, రసీదు నంబరు, కొలతలు, ఒక్కోసారి పిన్ను పెట్టిన గుడ్డముక్క కూడా దొరుకుతుంది. సంక్రాంతికి ముందు నెలరోజుల పేజీలు మాత్రం తీసుకుని, ఏడాదికి యాభై జాకెట్ల చొప్పున చెయ్యి పొడవు, మెడ లోతు అంగుళాల్లో రాసుకోండి. మగవాళ్ల ప్యాంట్లకైతే బాటమ్ కొలత. పదేళ్ల అంకెలు పక్కపక్కన పెడితే, బెల్‌బాటమ్ మీ ఊళ్లోకి ఎప్పుడొచ్చి ఎప్పుడు పోయిందో ఎవరి జ్ఞాపకాన్నీ నమ్మనక్కర్లేకుండా తేలిపోతుంది. ఒక్క జాగ్రత్త: పిల్లల కొలతలు కలిసిపోతే సగటు పాడవుతుంది. ఛాతీ కొలతను బట్టి వాటిని ముందే వేరుచెయ్యండి. కొలతల పక్కనున్న పేర్లు పుస్తకంలో వెయ్యకండి.

చాకలివాళ్లనూ అడగండి. ఊరందరి బట్టలూ ఉతికిన చేతులవి. నల్లజీడి గుర్తు పెట్టి ఏ ఇంటిది ఏదో పోల్చినవాళ్లు. నైలాన్ చీర వచ్చాక గంజి, ఇస్త్రీ ఎలా మారాయో, టెరికాటన్ వచ్చాక పని ఎంత తగ్గిందో వాళ్లు చెప్పగలిగినట్టు కొట్టువాడు చెప్పలేడు.

మూడో తేదీ ఇంటర్వ్యూలతోనే తేలుతుంది. మీ పాత నోట్సులో చాలామందిని “ఆ రోజుల్లో ఎలాంటి బట్టలు కట్టేవారు?” అని అడిగారు. ఆ ప్రశ్నకు ఎవరైనా చెప్పేది ఒకటే, అప్పుడు అన్నీ బాగుండేవని. ఒక్క బట్టను, ఒక్క సందర్భాన్ని అడగండి. “మీ పెళ్లి జాకెట్టు ఎవరు కుట్టారు? గుడ్డ ఎవరు కొన్నారు? అది వద్దన్నదెవరు?” ఏడాది గుర్తు లేదంటే మన నేల ఇచ్చే ఆనవాళ్లు పట్టుకోండి. 1953 వరద, 1986 ఆగస్టు వరద, 1996 నవంబరు తుఫాను, రాజమండ్రి దగ్గర రైలూ రోడ్డూ కలిసిన వంతెన తెరిచిన 1974. పుష్కరాలు వీటన్నిటికంటే నమ్మకమైనవి: 1979, 1991, 2003, 2015. పుష్కరాలకు కుటుంబమంతా రేవులో నిలబడి దిగిన ఫొటో చాలా ఇళ్లలో ఉంటుంది. ఒకే కుటుంబానివి పన్నెండేళ్ల దూరంలో రెండు మూడు దొరికితే అదొక్కటే ఒక అధ్యాయానికి సరిపోతుంది.

ఇంకో మాట గట్టిగా చెప్పాలి. మీ ఇంటర్వ్యూలు ముప్ఫై ఒకటిలో దళితపేటవాళ్లవి రెండే ఉన్నాయి. కట్టూబొట్టూ చరిత్రంటే కట్టుకోనివ్వని చరిత్ర కూడా. పెద్దవీధిలోకి రాగానే చెప్పులు విప్పి చేత పట్టుకున్నవాళ్లు, మోకాలి కిందికి పంచె దిగకూడదన్న కట్టడిలో బతికినవాళ్లు, ఉతికిన తెల్లచొక్కా వేసినందుకు మాటలు పడ్డవాళ్లు ఎంతమంది మీ మండలంలో ఇంకా ఉన్నారో వెతకండి. వాళ్లు చెప్పినదాన్ని “అప్పటి ఆచారం” అన్న మెత్తటి మాట కింద కప్పకండి. ఎవరు ఆపారు, ఎప్పుడు ఆగింది, మొదట ఎవరు తెగించి వేసుకున్నారు, ఇవి వివరంగా రాయాలి. రాసినదాన్ని వాళ్లకే చదివి వినిపించి, పేరు ఉంచాలా మార్చాలా అని అడిగాకే అచ్చుకు పంపాలి.

ఫొటోను కూడా తేలిగ్గా నమ్మకండి. స్టూడియోలో కోటు, గడియారం, కొన్నిచోట్ల నగలు కూడా ఫొటో కోసం ఇచ్చేవారు. కోటులో దిగిన తాతగారికి కోటు ఉందని రాయడానికి వీల్లేదు. “స్టూడియో కోటా, సొంతమా?” అని ఇంట్లోవాళ్లను అడిగి ఆ జవాబును ఫొటో కిందే రాయండి. వెనకవైపు స్టూడియో ముద్ర, పెన్సిలు రాత ఉంటాయి, వెనక్కి తిప్పి దాన్నీ స్కాన్ చెయ్యండి. రంగులద్దిన ఫొటోల్లో చీర రంగు రంగులద్దినవాడి రంగే, అసలు చీర రంగు కావాలని లేదు.

స్కానింగులో చెడేవి కొన్నున్నాయి. అచ్చులో అంగుళానికి 300 చుక్కలు కావాలి. మూడంగుళాల ఫొటోను ఆరంగుళాలు చేసి వెయ్యాలంటే స్కాన్ 600 దగ్గర చెయ్యాలి. కాబట్టి అన్నీ 600లోనే, టిఫ్ ఫైలుగా దాచండి. వాట్సాప్‌లో మామూలుగా పంపిన ఫొటో అచ్చుకు పనికిరాదు. పత్రిక పేజీలు స్కాన్ చేసేటప్పుడు డీస్క్రీన్ అన్న ఆప్షన్ పెట్టకపోతే బొమ్మ మీద అలల్లాంటి గీతలు పడతాయి, ఎందుకంటే పత్రికలోని బొమ్మే చుక్కలతో అచ్చయినది. మన చెమ్మకు ఫ్రేములో ఫొటో అద్దానికి అంటుకుపోతుంది. లాగితే బొమ్మ పొర అద్దానికే ఉండిపోతుంది. అలాంటిదాన్ని తియ్యకుండా, వెలుతురు పక్కనుంచి పడేలా పెట్టి, అద్దంతోనే కెమెరాతో తీయించండి.

హక్కుల సంగతి. 1957 కాపీరైటు చట్టం 17వ సెక్షన్ ప్రకారం, వేరే ఒప్పందం లేనప్పుడు, డబ్బిచ్చి తీయించుకున్న ఫొటోకు తీయించుకున్నవారే మొదటి హక్కుదారు. అంటే కుటుంబ ఫొటోలకు ఆ కుటుంబం రాతపూర్వకంగా సరేనంటే చాలావరకు సరిపోతుంది. సినిమాకు వెలువడిన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్లు హక్కు ఉంటుంది. ఫొటోకూ ఒకప్పుడు అంతే ఉండేది, 2012 సవరణ తర్వాత అది తీసినవారి జీవితకాలం, ఆపైన 60 ఏళ్లు అయ్యింది. ముఖచిత్రం చిత్రకారుడు గీసినదైతే దానికీ ఆయన జీవితకాలం, ఆపైన 60 ఏళ్లు. పాత పత్రిక కదా అని ముఖచిత్రాలు వేసేయకండి. విమర్శ కోసం కొంతమేర వాడుకోవడానికి 52వ సెక్షన్‌లో వెసులుబాటు ఉంది కానీ, అందం కోసం అట్టమీద వేసుకోవడం దాని కిందికి రాదు.

ఇప్పుడు రాతప్రతి దగ్గరికి రండి. మీ ఫైల్లో “ఆ రోజుల్లో”, “అప్పట్లో” అన్న మాటలు వెతికించండి. వచ్చిన ప్రతిచోటా తేదీ గాని, వరదో పుష్కరమో గాని పెట్టండి. రెండూ పెట్టలేకపోతే ఆ వాక్యం తీసెయ్యండి. తర్వాత “సినిమా ప్రభావం వల్ల” అన్న మాట వెతికించండి. ఏ సినిమా, ఏ హాలు, ఎవరు చూశారు, ఎవరికి చెప్పి కుట్టించుకున్నారు అన్నది లేకపోతే అదీ పోవాలి. ఈ రెండు వడపోతలతోనే మీ 420 పేజీలు మూడో వంతు తగ్గుతాయని మా అంచనా.

మాట్లాడినవాళ్ల మాటల్ని వాళ్ల మాటల్లాగే ఉంచండి, కానీ ప్రతి వాక్యానికీ “ఆయ్”, “అండీ” తగిలించకండి. సినిమాలు మన యాసను నవ్వుల సరుకు చేశాయి, మీడియా మీద పుస్తకం రాస్తూ మీరూ అదే చేస్తే ఎలా? యాస ఉండేది మాటల్లో. పరికిణీ అన్నారా లంగా అన్నారా, జాకెట్టు అన్నారా రవిక అన్నారా, కుచ్చిళ్లు దోపడాన్ని ఏమన్నారు, అవి మార్చకుండా రాస్తే చాలు.

డెమ్మీ సైజులో, అంటే మామూలు నవల సైజులో, పేజీకి సుమారు 230 మాటలు పడతాయి. ఒక ఫారానికి, అంటే ఒకే పెద్ద కాగితం మీద అచ్చువేసి మడిచే కట్టకు, 16 పేజీలు. 15 ఫారాలు, అంటే 240 పేజీలు పెట్టుకుంటే యాభై వేల మాటలు, ముందుమాట, పదసూచిక సరిపోతాయి. 70 జీఎస్ఎం (కాగితం మందాన్ని చెప్పే బరువు కొలత) మాప్‌లితో, అంటే పుస్తకాలకు వాడే మామూలు తెల్ల కాగితం చాలు. 180 ఫొటోల్లో నలభై ఎంచి, ఒక ఫారం ఆర్ట్ పేపరు మీద విడిగా వేయించండి. మాప్‌లితో మీద పాత ఫొటోలు నల్లగా ముద్దకడతాయి, జరీ అంచు, నేత పని అసలు కనబడవు. పదసూచిక తప్పకుండా ఉండాలి. ఇలాంటి తెలుగు పుస్తకాలకు అది లేకపోవడం పెద్ద కొరత, రేపు ఇంకొకరు మీ పుస్తకం వాడుకోవాలంటే దారి అదే. డీటీపీవాళ్లు వాడే అను ఫాంట్లలో టైపు చేసినదాన్ని అన్ని కంప్యూటర్లలోనూ చదవగలిగే యూనికోడ్‌కు మార్చితే ఒత్తులు, పొల్లులు చెదురుతాయి. మార్చాకే ప్రూఫు చూడండి, ముందు చూసిన ప్రూఫు లెక్కలోకి రాదు.

కాపీలు మొదట 300 చాలు. ఆ సంఖ్యకు డిజిటల్ ప్రింటింగే మేలు. ఆఫ్‌సెట్‌లో ప్లేట్ల ఖర్చు ముందే పడుతుంది, కాపీలు పెరిగితే తప్ప అది కిట్టదు. ప్రతి పుస్తకానికీ గుర్తింపుగా ఇచ్చే ఐఎస్‌బీఎన్ నంబరు ఢిల్లీలోని రాజా రామ్‌మోహన్ రాయ్ ఏజెన్సీ ఉచితంగానే ఇస్తుంది, ఆన్‌లైన్‌లో దరఖాస్తు చేసుకోవచ్చు. 1954 చట్టం ప్రకారం పుస్తకం వెలువడిన 30 రోజుల్లో కలకత్తా జాతీయ గ్రంథాలయానికి ఒక కాపీ, చెన్నై, ముంబై, ఢిల్లీ గ్రంథాలయాలకు ఒక్కొక్కటి పంపాలి. ఫొటో ఇచ్చిన ప్రతి ఇంటికీ, కొలతల పుస్తకం చూపించిన టైలరుకూ, మాట చెప్పిన ప్రతి ఒక్కరికీ ఒక్కో కాపీ ముందే లెక్కలోంచి తీసి పక్కన పెట్టండి. మీ జాబితా చూస్తే 300లో 80 అలా వెళ్లిపోతాయి, అమ్మకానికి 220 అనుకునే ధర కట్టండి.